ఒడ్డున తాడు పట్టినవాళ్ళకూ ఒక పాలు

మాది హనుమకొండ. పన్నెండేళ్ళుగా పెళ్ళి వీడియోలు తీస్తూ బతుకుతున్నాను. సముద్రాన్ని మొదటిసారి చూసింది డిగ్రీలో ఉన్నప్పుడు, విశాఖ టూర్‌లో ఒక్క సాయంత్రం. అలాంటి నేను సముద్రం మీద బతికేవాళ్ళ గురించి డాక్యుమెంటరీ తీయాలనుకోవడానికి కారణం ఒక రాతి శాసనం.

ఓరుగల్లు పిల్లలం కాకతీయ రాజు గణపతిదేవుడి పేరు వింటూనే పెరుగుతాం. మా అత్తగారి ఊరు పాకాల చెరువు కింద ఉంది, ఆ చెరువు కట్టింది ఆయన కాలంలోనే. అదే రాజు 1244లో ఇప్పటి బాపట్ల జిల్లా మోటుపల్లి రేవులో ఒక అభయ శాసనం వేయించాడని మాత్రం నాకు చాలా ఆలస్యంగా తెలిసింది. తుఫానుకు చిక్కి ఒడ్డుకు కొట్టుకొచ్చిన ఓడల్లోంచి బంగారం, ఏనుగులు, గుర్రాలు, రత్నాలు అన్నీ అంతకుముందు రాజులు లాగేసుకునేవారట. ప్రాణం కన్నా ధనమే ఎక్కువనుకొని అంత ప్రమాదానికి తెగించి సముద్రం మీద వచ్చేవాళ్ళ దగ్గర, నిర్ణయించిన సుంకం తప్ప ఇంకేమీ తీసుకోమని ఆయన రాయించాడు. ఆ సుంకం ముప్పైకి ఒకటి. మార్కో పోలో తన రాతల్లో ముత్ఫిలి అన్నది ఈ మోటుపల్లినే అంటారు.

సముద్రం లేని ఊళ్ళో కూర్చొని ఏలిన రాజు ఓడ మునిగినవాళ్ళ గురించి ఇంత ఆలోచించాడా అనిపించింది. ఆ రాత్రి నిద్ర పట్టలేదు. చెరువు కట్టినవాళ్ళే రేవునూ నడిపారు. మరి ఇప్పుడు ఆ తీరంలో ఎవరున్నారు, ఎలా ఉన్నారు? సినిమా అక్కడ మొదలైంది.

డబ్బు సంగతి చెప్పేస్తాను. రెండు పెళ్ళిళ్ళ సీజన్లలో దాచుకున్న మూడు లక్షలే నా బడ్జెట్టు. కెమెరా నాదే, సౌండ్‌కి నా స్నేహితుడు. ఎవరినీ గ్రాంటు అడగలేదు, అడగడం తెలియదు కూడా.

మొదటి తప్పు టికెట్ల దగ్గరే జరిగింది. పెళ్ళిళ్ళు లేని రోజులు చూసుకొని ఏప్రిల్ 20 తర్వాత బయల్దేరాం. వరంగల్‌లో రాత్రి రైలెక్కితే తెల్లారేసరికి చీరాల. అక్కణ్ణుంచి ఆటో. వాడరేవుకీ మోటుపల్లికీ మధ్య ఒక పాలెంలో దిగాం. పేరు రాయొద్దని వాళ్ళే అన్నారు కాబట్టి రాయను. దిగి చూస్తే పడవలన్నీ ఒడ్డు మీద వరసగా బోర్లించి ఉన్నాయి. సముద్రంలో ఒక్క మనిషి లేడు.

"ఏట ఆపేశారు గదా బాబూ, జూన్ దాకా లోపలికి పోయేది లేదు" అన్నాడు ఒక పెద్దాయన.

ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా 61 రోజులు తూర్పు తీరమంతా ఇంజన్ పడవల వేట నిషేధం. చేపలు గుడ్లు పెట్టే కాలమని ఆపుతారు. ఆ తీరంలో చిన్నపిల్లలకు కూడా తెలిసిన ఈ సంగతి తెలుసుకోకుండానే సినిమా తీయడానికి వచ్చాను. వెనక్కి పోదామా అనుకున్నాం. స్నేహితుడు ఒక మాటన్నాడు, "కెమెరా తీయకుండా నాలుగు రోజులు ఉందాం, తిండి ఖర్చే కదా." ఆ మాట విన్నందుకు ఇప్పటికీ సంతోషంగా ఉంటుంది.

వేట లేనప్పుడే అక్కడి మగవాళ్ళకు తీరిక. పడవలకు రంగులు వేస్తున్నారు, ఇంజన్లు విప్పి కడుగుతున్నారు, వలలు బాగు చేసుకుంటున్నారు. మేం ఊరికే పక్కన కూర్చునేవాళ్ళం. ఆ పెద్దాయన వల బాగుచేసే తీరు నాకు ఇప్పుడు కళ్ళు మూసుకున్నా కనిపిస్తుంది. ఎడమకాలి బొటనవేలికి వల తగిలించి బిగువుగా లాగుతాడు. నైలాన్ దారం చుట్టిన చిన్న పుల్ల కుడిచేతిలో ఉంటుంది. పుల్ల వల కన్నులోంచి దూరి, చుట్టు తిరిగి, ముడి పడి, మళ్ళీ పక్క కన్నులోకి పోతుంది. చూపు మాత్రం వల మీద ఉండదు, సముద్రం మీద ఉంటుంది. కన్ను పెద్దదో చిన్నదో వేలు చెబుతుందట. బొటనవేలి పక్కన దారం కోసుకుపోయి పడిన గాడి ఉంది, ఎన్నేళ్ళదో.

మూడో రోజు ఆయనే అడిగాడు, "కెమెరా తెచ్చుకోని తియ్యవేంది?" అప్పుడు తీశాను. సినిమాలో మొదటి షాటు ఆ బొటనవేలే.

ఆయన ఇంటి ముందు సరుగుడు చెట్టు కింద బల్లలా వేసుకున్న దుంగలు మూడున్నాయి. కూర్చునే ముందు ఆయన వాటిని ఒకసారి చేత్తో తుడిచేవాడు. అవి ఆయన ఆఖరి తెప్పవి. ఫైబరు పడవలు రాకముందు దుంగలను తాళ్ళతో కట్టి తెప్ప చేసుకొని పోయేవాళ్ళట. వేట నుంచి రాగానే కట్లు విప్పి దుంగలను విడివిడిగా ఎండబెట్టాలి. తడి పీల్చిన దుంగ బరువెక్కి నీళ్ళలో లోతుగా మునుగుతుంది. రోజూ కట్టుకోవడం, రోజూ విప్పుకోవడం. "ఇప్పుడోళ్ళకి కట్టు ఎయ్యడం రాదు" అన్నాడు. అలా కట్టి చూపించమని అడిగాను. ఆయన తాడు తెప్పించాడు, ఇద్దరు మనవళ్ళను పిలిచాడు, గంటన్నర పట్టింది. ఆ గంటన్నర మొత్తం నా దగ్గర ఉంది. సినిమాలో ఆరు నిమిషాలే పెట్టాను, మిగతాది కట్ చేయకుండా విడిగా దాచి మనవళ్ళకు పెన్‌డ్రైవ్‌లో ఇచ్చాను.

ఒక సాయంత్రం మోటుపల్లి వీరభద్రస్వామి గుడికి పోయి శాసన స్తంభం చూసొచ్చాం. ఇప్పుడక్కడ రేవు లేదు. తిరిగొచ్చి పాలెంలో పదిమంది కూర్చున్నచోట శాసనంలో ఉన్నది నాకు తెలిసినంత వివరించాను. ప్రాణం కన్నా ధనమే ఎక్కువనుకొని అన్న మాట దగ్గర పెద్దాయన ఆపాడు.

"ధనం కోసం ఎవురు పోతారయ్యా? ఇంట్లో బియ్యం కోసం పోతారు."

ఇంకో కుర్రాడు అందుకున్నాడు. పడవ తప్పిపోయి వేరే ఊరి ఒడ్డుకు కొట్టుకొస్తే ఇప్పుడు కూడా ఎవరూ ముట్టుకోరట, దాని మీద నంబరు చూసి ఫోన్ చేస్తారట. శాసనం గురించి నేను రాసుకున్న వాయిస్ ఓవర్ రెండు పేజీలుండేది. ఆ రాత్రి దాన్ని కొట్టేసి వీళ్ళిద్దరి మాటలే ఉంచాను.

వేట తెరిచాక, జూన్ చివర్లో మళ్ళీ వెళ్ళాం. ఈ మధ్యలో మా దగ్గర మృగశిర కార్తె వచ్చింది. జూన్ 8 ప్రాంతంలో వరంగల్ మార్కెట్లో చేపల కోసం జనం ఎలా ఎగబడతారో మనకు తెలుసు. ఆ రోజుల్లో అక్కడ సముద్రం ఇంకా మూసే ఉంటుంది. మనం తినే రవ్వ, బొచ్చె, కొర్రమట్ట మన చెరువులవీ చేపల గుంటలవీ. నలభై మృగశిరలు తిన్న నాకు ఇది అప్పటిదాకా తట్టలేదు.

తెల్లవారుజామున మూడున్నరకు పడవ తోశారు. ఆరుగురు మనుషులు, నేను, లైఫ్ జాకెట్. స్నేహితుడు ఒడ్డునే ఉన్నాడు, ఇద్దరికి చోటు లేదు. ఒడ్డు దగ్గర విరిగే కెరటాలు దాటడమే కష్టం. చుక్కాని దగ్గర కూర్చున్నాయన చెయ్యెత్తి అందరినీ ఆపి కెరటాలు లెక్కబెట్టుకున్నాడు. పెద్దవి వరసగా పోయాక కొంచెం సందు దొరుకుతుంది. "ఇప్పుడు!" అన్నాడు. నడుముల్లోతు నీళ్ళలోంచి భుజాలతో తోసి ఒక్కసారిగా ఎక్కేశారు. పడవ ముక్కు పైకి లేచింది, కింద పడింది, నా పళ్ళు టకటక కొట్టుకున్నాయి.

పావుగంటలో కడుపులో తిప్పడం మొదలైంది. కెమెరా స్క్రీన్‌లోకి చూసేకొద్దీ ఎక్కువైంది. "దరి వంక చూడు, లైట్‌హౌస్ వంక చూడు, ఆ డబ్బాలోకి చూడబాక" అని ఒకాయన నా తల పట్టి తిప్పాడు. తర్వాత అర్థమైంది, ఆ లైట్‌హౌస్ నా వాంతుల కోసమే కాదు. దాన్నీ దాని వెనకాల ఇంకో గుర్తునీ ఒక గీతలో కలిపి, పక్కనున్న తాటిచెట్లతో ఇంకో గీత కలిపి, ఆ రెండూ కలిసే చోటే వల వేసే చోటు. ఇప్పుడు ఫోన్లో జీపీఎస్ ఉంది. అయినా చుక్కాని ఆయన ఫోన్ చూశాక ఒకసారి తల ఎత్తి దరిని కూడా చూసుకుంటాడు. దరి కనపడని రాత్రుళ్ళు ఏం చేసేవాళ్ళని అడిగితే చుక్కల పేర్లు చెప్పాడు. అందులో గొల్లకావడి అన్న మాట వినగానే ప్రాణం లేచొచ్చినట్టయింది. మా తాత పొలానికి నీళ్ళు కట్టడానికి పోతూ పొద్దు చూసుకున్నదీ ఆ చుక్కలతోనే.

ఆ రోజు ఐదు గంటలు సముద్రంలో ఉంటే పనికొచ్చే ఫుటేజీ పదకొండు నిమిషాలు వచ్చింది.

సౌండ్ గురించి ఒక మాట, ఇలాంటి పని చేయాలనుకునే వాళ్ళ కోసం. తీరంలో గాలి అన్నిటినీ మింగేస్తుంది. మైకుకు బొచ్చు కవర్ వేసినా సరిపోలేదు. చివరికి కాలర్ మైకును చొక్కా లోపల ఛాతీకి మెడికల్ ప్లాస్టర్‌తో అంటించాం. తాడు బిగుసుకునే కిర్రుమనే చప్పుడు, వల మీద సీసం గుళ్ళు పడవ అంచుకు తగిలే చప్పుడు, ఇలాంటివి గాలి తగ్గే వేకువన విడిగా రికార్డు చేసుకున్నాం. ఇక ఉప్పు. సాయంత్రం కాగానే కెమెరాను మంచినీళ్ళతో తడిపి పిండిన గుడ్డతో తుడిచి, తేమ పీల్చే పొట్లాలతో పాటు బియ్యం డబ్బాలో పెట్టేవాళ్ళం. అయినా ఒక లెన్సు ఫోకస్ రింగు గరగరలాడి ఆగిపోయింది.

మాటలు ఇంకో కష్టం. మనదీ తెలుగే, వాళ్ళదీ తెలుగే. అయినా ఇంటర్వ్యూలు రాసుకుంటుంటే ప్రతి పేజీలో నాలుగు మాటలు ఆగిపోయేవి. పోటు, పాటు అంటే సముద్రం పొంగడం, తీయడం అని మొదట తెలియలేదు. ఒక నోట్‌బుక్కు పెట్టి చేపల పేర్లు, గాలుల పేర్లు, వలలో ఒక్కో భాగం పేరు అడిగి రాసుకున్నాను. కవళ్ళు, కానాగంతలు, నెత్తళ్ళు, సావడాలు, వంజరం, చందువ. వాళ్ళకు కూడా మా మాటలు వింతే. మత్తడి అంటే ఏంటని అడిగారు. చెరువు నిండి నీళ్ళు దుంకే చోటు అని చెబితే, "నిండితే పోవడానికి దారి ఉంటుందా, సుఖమే" అన్నారు.

ఒక అవ్వ 1977 నవంబరు ఉప్పెన గురించి చెప్పింది. సగంలో చెయ్యి అడ్డం పెట్టి కెమెరా ఆపమంది. ఆపాను. తర్వాత చాలాసేపు మాట్లాడింది. అది సినిమాలో లేదు, ఇక్కడా రాయను.

హనుమకొండకు వచ్చి రెండు నెలలు ఎడిటింగ్ చేశాను. పగలు పెళ్ళి ఆల్బమ్‌లు, రాత్రి ఇది. 47 గంటల ఫుటేజీలోంచి 68 నిమిషాల రఫ్ కట్ తయారైంది. నాకైతే గొప్పగా అనిపించింది. దాన్ని ముందు ఎవరికి చూపించాలి అనుకుంటే మా పెద్దమామ గుర్తొచ్చాడు, మా ఆవిడకు పెదనాన్న. పాకాల దగ్గరి చేపల సొసైటీలో నలభై ఏళ్ళ మెంబరు, ముదిరాజులు. ఒక ఆదివారం లాప్‌టాప్ తీసుకుపోయి వాళ్ళింటి టీవీకి కలిపాను. సొసైటీ వాళ్ళు ఐదారుగురు వచ్చారు. అత్తమ్మ గడప దగ్గర కూర్చుంది.

చివరిదాకా ఎవరూ మాట్లాడలేదు. అయిపోయాక మామ అన్నాడు, "సముద్రం మంచిగున్నది అల్లుడా. గని చేపలేవి?"

ఉన్నాయి కదా అన్నాను.

"వల గుంజిండ్రు మూడు సార్లు. పాలు పంచుకున్నది ఒక్కసారన్న చూపియ్యకపోతివి. గా ఒడ్డుమీద తాడు గుంజిన ముసలాయనకు ఏమిచ్చిండ్రు?"

ఇంకొకాయన వల కన్నెంత అని అడిగాడు. ఇంకొకాయన ఐసు ఎక్కడ కొంటారని. అత్తమ్మ అడిగింది, "అమ్మే ఆడోళ్ళు ఎటు పోయిండ్రు బిడ్డా? మొగోళ్ళు పట్టుకొస్తే అయిపాయెనా?"

ఒక్కదానికీ నా దగ్గర జవాబు లేదు. ఇంటికొచ్చి రఫ్ కట్ మళ్ళీ చూశాను. సూర్యోదయాలు 14 ఉన్నాయి. వల ఒడ్డుకు చేరగానే నా కెమెరా ప్రతిసారీ తలెత్తి ఆకాశం వైపు పోయింది. అందమైన షాటు అయిపోయిందని నేను ఆపేసిన చోటే వాళ్ళ అసలు పని మొదలవుతుంది. చెరువు మీద బతికే వాళ్ళకు అది ఒక్క చూపులో తెలిసింది. చాలా బాధపడ్డాను, తర్వాత ఆ ప్రశ్నలన్నీ నోట్‌బుక్కులో వరసగా రాసుకున్నాను. మూడోసారి ఆ కాగితంతోనే వెళ్ళాను.

ఈసారి ఒక్క అలివి వల మీదే వారం రోజులు ఉన్నాం. పడవ వలను అర్ధచంద్రంలా సముద్రంలో చుట్టేసి వస్తుంది, రెండు కొసల తాళ్ళూ ఒడ్డునే ఉంటాయి. ఒక్కో తాడు దగ్గర పదిహేను ఇరవై మంది. తాడును నడుముకు ఆనించుకొని వెనక్కి వెనక్కి నడుస్తారు. వెనక చివరికి పోయినవాడు తాడు వదిలి ముందుకొచ్చి మళ్ళీ పట్టుకుంటాడు. వలను తేల్చే బెండ్లు కనపడేసరికి రెండు గంటలు దాటుతుంది. వల గుడ్డసంచిలా దగ్గరికి వచ్చేసరికి గంపలతో ఆడవాళ్ళు దిగుతారు. పాట మొదలవుతుంది. పాటంటే వేలం. నాలుగు నిమిషాల్లో అయిపోతుంది, మొదటి రెండుసార్లు నాకేమీ అర్థం కాలేదు.

పెద్ద చేపలను లెక్కబెడుతున్న ఒక ఆమె చేతుల మీద కెమెరా పెట్టాను. చెయ్యి ఆగకుండా చేపను గంపలోకి వేస్తూ "లాభం, రెండు, మూడు, నాలుగు" అంది. ఒకటి అనదు. మా వైపు వడ్లు కొలిచేటప్పుడు కూడా మొదటి కుంచాన్ని లాభం అనే అంటారు. మా అత్తమ్మ అడిగిన ప్రశ్నకు సమాధానం ఆమే. తెల్లవారి కొని, మధ్యాహ్నానికి ఊళ్ళమ్మట తిరిగి అమ్మి, మిగిలింది ఉప్పు పట్టించి ఎండబెట్టి, మగవాళ్ళకు వేట లేని రోజుల్లో ఇల్లు నడిపేది ఆమె. సినిమాలో ఇప్పుడు 13 నిమిషాలు ఆమెవి.

పాలు పంచడం కూడా తీశాను. ఖర్చులు తీసేశాక వలకిన్ని పాళ్ళు, పడవకిన్ని, మిగిలింది తాడు పట్టిన మనుషులకు తలా ఒకటి. సరిగ్గా లాగలేని ఒక ముసలాయన తాడు మీద చెయ్యి వేసి నడుస్తున్నాడంతే. ఆయనకూ పాలు పెట్టారు. అడిగితే, "తాడు ముట్టుకున్నాడు గదా" అన్నారు.

కొత్త కట్ 52 నిమిషాలు. సూర్యోదయం ఒక్కటి ఉంది. దీన్ని ముందు పాలెంలోనే వేద్దామనుకొని ఫిబ్రవరిలో బయల్దేరుతుంటే మామ నేనూ వస్తానన్నాడు. అరవై తొమ్మిదేళ్ళ మనిషి, సముద్రం ఎప్పుడూ చూడలేదు. ఆటో దిగి నేరుగా నీళ్ళ దగ్గరికి పోయి, దోసిట్లోకి తీసుకొని నాలుక మీద వేసుకొని ఉమ్మేశాడు. తర్వాత ఆరేసిన వల దగ్గరికి పోయి కన్నులో రెండు వేళ్ళు దూర్చి చూశాడు. పెద్దాయన అది చూసి లేచొచ్చాడు. వాళ్ళిద్దరూ వల గురించి మాట్లాడుకున్నది గంటన్నర. ఒకరి యాస ఒకరికి అర్థం కానప్పుడు వలను పట్టుకొని చూపించుకున్నారు.

రాత్రి వలల షెడ్డు గోడకు తెల్లపంచె కట్టి సినిమా వేశాం. లెక్కబెట్టే ఆమె రాగానే పిల్లలంతా ఆమెతో కలిసి "లాభం, రెండు" అని అరిచారు. తెప్ప కట్టే చోట పెద్దాయన లేచి, మూడో కట్టు తప్పు వేశానని, మళ్ళీ తీయమని అన్నాడు. అది తీయాల్సి ఉంది.

మర్నాడు పొద్దున అలివి వల లాగుతుంటే మామ కండువా నడుముకు చుట్టుకొని తాడు పట్టాడు. వద్దన్నా వినలేదు. రెండు గంటలు వాళ్ళతో పాటు వెనక్కి నడిచాడు. పాళ్ళు పెట్టేటప్పుడు లెక్కలో ఒకటి ఎక్కువ వచ్చింది. పెద్దాయన ఆ కుప్ప మామ కండువాలో పోశాడు, కానాగంతలు పదకొండు, నెత్తళ్ళు ఒక దోసెడు. చీరాలలో థర్మకోల్ డబ్బా, ఐసు కొని రాత్రి రైల్లో తెచ్చుకున్నాం. డబ్బా కాళ్ళ దగ్గర పెట్టుకొని మామ దారి పొడుగునా నిద్రపోలేదు. వరంగల్‌లో దిగి నేరుగా ఊరికి పోయి సొసైటీ వాళ్ళను పిలిచి, చెరువుగట్టు మీద తలా ఒకటి పంచాడు.